ఫిన్లాండ్‌లో రెండు జాతీయ భాషలు: 5 శాతం మంది మాట్లాడే భాష ఆఫీసుల్లో ఎలా నడుస్తోంది?

ఉత్తరధ్రువం అడిగారు (ఇదీ, కింద వచ్చే పేర్లూ చర్చలో ఉన్నవాళ్ళు పెట్టుకున్నవి):

ఫిన్లాండ్ రాజ్యాంగం 17వ సెక్షన్‌లో ఫిన్నిష్, స్వీడిష్ రెండూ జాతీయ భాషలని రాసి ఉంది. స్వీడిష్ మాతృభాషగా నమోదైనవాళ్ళు జనాభాలో 5 శాతం పైచిలుకు మాత్రమే. ఇంత తక్కువమంది భాషకి ఫిన్నిష్‌తో సరిసమానమైన హోదా ఎందుకిచ్చారన్నది ఒక ప్రశ్న. అంతకంటే ముఖ్యంగా నాకు తెలియాల్సింది ఆచరణ. ప్రతి ఊళ్ళోనూ రెండు భాషల్లో పని జరుగుతుందా? లేకపోతే ఎక్కడ జరగాలో ఎవరు, ఏ లెక్కన తేలుస్తారు? ఫిన్నిష్ రాని మనిషి పన్నుల ఆఫీసుకో, ఆసుపత్రికో, కోర్టుకో వెళ్తే ఏమవుతుంది? చట్టంలో ఉన్నదానికీ జరిగేదానికీ తేడా ఉంటే అదీ చెప్పండి.

భాషాచట్టం:

ముందు ఊళ్ళ లెక్క చూద్దాం, మిగతావన్నీ చాలావరకు దాని మీదే నిలబడ్డాయి. ఇప్పుడున్న భాషా చట్టం 2003లో చేసింది, 2004 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. దానికి ముందు 1922 నాటి చట్టం ఉండేది. లెక్క దేశం మొత్తానికి వెయ్యరు, మునిసిపాలిటీ మునిసిపాలిటీకీ విడిగా వేస్తారు. పల్లెలు కూడా అక్కడ మునిసిపాలిటీల కిందే వస్తాయి.

రెండు భాషలవాళ్ళూ ఉండి, తక్కువమంది ఉన్న పక్షం ఊరి జనాభాలో కనీసం 8 శాతం గానీ, కనీసం 3,000 మంది గానీ ఉంటే అది రెండు భాషల మునిసిపాలిటీ. ఏదో ఒకటి నెగ్గితే చాలు. వంతాలో స్వీడిష్‌వాళ్ళు 2 శాతం దగ్గరే ఉంటారు, కానీ 3,000 దాటారు కాబట్టి అది రెండు భాషల నగరమే. హెల్సింకీ సంగతీ అంతే. టంపేరె అంత పెద్ద నగరమైనా ఫిన్నిష్ ఒక్కటే.

హోదా పోవడానికి గీత వేరు. సంఖ్య 3,000 కిందికీ, శాతం 6 కిందికీ రెండూ పడిపోవాలి. 10,000 జనాభా ఉన్న ఊరు తీసుకోండి. 800 మంది ఉంటే రెండు భాషల ఊరవుతుంది, 650కి తగ్గినా హోదా నిలుస్తుంది, 590కి వస్తే పోతుంది. ఈ ఎడం లేకపోతే నాలుగు కుటుంబాలు వచ్చి వెళ్ళినప్పుడల్లా బడులు, బోర్డులు, ఉద్యోగుల అర్హతలు మారాల్సి వచ్చేది. ప్రభుత్వం పదేళ్ళకొకసారి అధికారిక గణాంకాలు చూసి డిక్రీతో ఖరారు చేస్తుంది. గీత దాటి కిందికి పడినా, మునిసిపల్ కౌన్సిల్ కోరితే హోదా కొనసాగించొచ్చు. లోహ్యా అలా కొనసాగుతున్నదే.

చాలామంది గమనించని విషయం ఒకటుంది. శాతం మొత్తం జనాభా మీద కడతారు. అంటే వేరే భాషలు మాట్లాడేవాళ్ళు వచ్చి చేరుతుంటే, ఒక్క స్వీడిష్ మనిషి కూడా ఊరు వదలకపోయినా వాళ్ళ శాతం పడిపోతుంది. నా దృష్టిలో ఈ చట్టంలో అన్నిటికంటే బలహీనమైన చోటు ఇదే.

ఓలాండ్ దీవుల్లోని 16 మునిసిపాలిటీలకు ఈ లెక్కతో పనిలేదు. స్వయంపాలన చట్టం ప్రకారం అక్కడ అధికార భాష స్వీడిష్ ఒక్కటే.

నోర్డిక్‌వాసి:

“ఎందుకు” అన్నదానికి నా జవాబు. శాతం చూసి ఇచ్చిన హోదా కాదది. 1809 వరకు ఫిన్లాండ్ స్వీడన్ రాజ్యంలో భాగం. కోర్టు, చదువు, పాలన అన్నీ స్వీడిష్‌లో. రష్యా చేతికి వచ్చాక కూడా అదే సాగింది. అధికారంలో స్థానం కోసం పోరాడాల్సి వచ్చింది ఎక్కువమంది మాట్లాడే ఫిన్నిష్. 1863లో రష్యా చక్రవర్తి రెండో అలెగ్జాండర్ ఇచ్చిన భాషా ఉత్తర్వుతో ఫిన్నిష్‌కి స్వీడిష్‌తో సమాన స్థాయి రావడానికి 20 ఏళ్ళ గడువు పెట్టారు. దాని వెనక ఫిన్నిష్ కోసం పోరాడిన తత్వవేత్త, రాజనీతిజ్ఞుడు స్నెల్మన్ కృషి ఉంది. 1917లో స్వాతంత్ర్యం, 1919లో రాజ్యాంగ చట్టం, అందులోనే రెండూ జాతీయ భాషలు. అప్పట్లో స్వీడిష్‌వాళ్ళు ఇప్పటి శాతానికి రెట్టింపు పైనే. 1900లో 13 శాతం దగ్గర ఉండేవాళ్ళు.

అందుకే దాన్ని “అల్పసంఖ్యాకుల భాష” అనడం చట్టపరంగా తప్పు. సామీ (ఉత్తరాది ఆదివాసుల భాష), రోమా భాషలకూ సంజ్ఞా భాష వాడేవాళ్ళకూ అదే 17వ సెక్షన్‌లో హక్కులున్నాయి గానీ వాటి స్థానం వేరు. పార్లమెంటులో రెండింటిలో ఏ భాషలోనైనా మాట్లాడొచ్చు. చట్టాలు రెండు భాషల్లోనూ చేసి, రెండింట్లోనూ ప్రచురిస్తారు. స్వీడిష్ పాఠం కేవలం అనువాదం కాదు, అదీ చట్టమే. సైన్యంలో మాత్రం ఆజ్ఞలన్నీ ఫిన్నిష్‌లోనే. స్వీడిష్‌లో శిక్షణ ఇచ్చే దళం ద్రాగ్స్‌విక్‌లోని న్యూలాండ్ బ్రిగేడ్.

పలకబలపం:

ఆఫీసుల సంగతి నేను చెబుతాను. మొదట చూడాల్సింది ఆ ఆఫీసు ఫిన్లాండ్ ప్రభుత్వానిదా, మునిసిపాలిటీదా అన్నది. పన్నులు, పోలీసు లాంటి ప్రభుత్వ కార్యాలయాల్లో ఫిన్నిష్ గానీ స్వీడిష్ గానీ వాడుకునే హక్కు అందరికీ ఉంది. రెండు భాషల మునిసిపాలిటీలోనూ అంతే. ఒకే భాష ఉన్న మునిసిపాలిటీ మాత్రం తన భాషలోనే పనిచేస్తుంది. అక్కడ కూడా, కేసు మునిసిపాలిటీయే మొదలుపెట్టి అది మీ ప్రాథమిక హక్కుల మీద నేరుగా పడితే, మీ భాషలో వినిపించుకోవచ్చు. అవసరమైతే దుబాసీ ఖర్చు వాళ్ళదే.

రెండు భాషల కోర్టులో క్రిమినల్ కేసు ముద్దాయి భాషలో నడుస్తుంది. సివిల్ కేసులో ఇరుపక్షాల భాషలు వేరై, వాళ్ళు ఒప్పందానికి రాకపోతే కోర్టు నిర్ణయిస్తుంది. ఎటూ తేలకపోతే ఆ కోర్టు పరిధిలో ఎక్కువమంది భాష.

ఆరోగ్య సేవలు 2023 జనవరి 1 నుంచి మునిసిపాలిటీల చేతుల్లోంచి 21 సంక్షేమ సేవల ప్రాంతాలకు మారాయి. హెల్సింకి నగరం మాత్రం వాటిని సొంతంగా నడుపుకుంటుంది. ఒక ప్రాంతంలో రెండు భాషల మునిసిపాలిటీ ఒక్కటున్నా ఆ ప్రాంతం మొత్తం రెండు భాషలదే. కాగితం మీద ఇది స్వీడిష్‌వాళ్ళకి లాభమే.

ఇక జరిగేది. భాషా చట్టం 23వ సెక్షన్ ప్రకారం, అడిగించుకోకుండానే రెండు భాషల్లోనూ సేవ అందించాల్సింది కార్యాలయమే. ఫారాలూ ఉత్తరాలూ బాగానే వస్తాయి, ఎందుకంటే వాటిని ఒకసారి అనువదిస్తే చాలు. ఇబ్బంది ఎదురెదురు మాటల దగ్గర వస్తుంది. షిఫ్టులో స్వీడిష్ వచ్చిన నర్సు లేకపోతే ఎంత చట్టమున్నా ఆ పూట మాట ఫిన్నిష్‌లోకి జారుతుంది. స్వీడిష్‌వాళ్ళలో చాలామందికి ఫిన్నిష్ వచ్చు కాబట్టి ఫర్వాలేదని సర్దుకుపోతారు. అలా సర్దుకున్నకొద్దీ “స్వీడిష్‌కి గిరాకీ లేదు” అని ఆఫీసు లెక్క వేసుకుంటుంది. నష్టపోయేది ముసలివాళ్ళు, చిన్నపిల్లలు, స్వీడిష్ ఎక్కువగా ఉండే పల్లెలవాళ్ళు. కాబట్టి మొదటి పలకరింపే స్వీడిష్‌లో చెయ్యాలి, అపాయింట్‌మెంట్ తీసుకునేటప్పుడే భాష నమోదు చేయించాలి. హక్కు దక్కకపోతే, కార్యాలయాలు చట్టం ప్రకారం నడుస్తున్నాయో లేదో చూసే పార్లమెంటరీ అంబుడ్స్‌మన్‌కి గానీ ఛాన్సలర్ ఆఫ్ జస్టిస్‌కి గానీ ఫిర్యాదు పంపొచ్చు.

ఉత్తరధ్రువం:

చాలా స్పష్టంగా చెప్పారండీ. ఇంకో రెండు ప్రశ్నలు. అమ్మది ఫిన్నిష్, నాన్నది స్వీడిష్ అయిన ఇంట్లో పిల్లల్ని ఎటు లెక్కిస్తారు? బయటి దేశం నుంచి వెళ్ళేవాళ్ళు ఏది నేర్చుకుంటే మేలు? ఇంగ్లిష్ వచ్చినవాళ్ళకి స్వీడిష్ తేలికని, పౌరసత్వానికి అదే చాలని విన్నాను.

భాషాచట్టం:

జనాభా రిజిస్టర్‌లో మనిషికి ఒక్క మాతృభాషే రాస్తారు. రెండు భాషల ఇల్లయినా ఒకటి ఎంచుకోవాల్సిందే, ఆ ఒక్కటే మునిసిపాలిటీ లెక్కలోకి పోతుంది. తరవాత మార్చుకోవచ్చు. దీంతోపాటు సంప్రదింపు భాష అని విడిగా ఒక గడి ఉంటుంది, అందులో ఫిన్నిష్ గానీ స్వీడిష్ గానీ పెట్టాలి. వేరే మాతృభాష ఉన్నవాళ్ళు కూడా అక్కడ ఈ రెండింట్లో ఒకటి ఎంచుకుంటారు.

బడులు వేరువేరుగా ఉంటాయి, ఫిన్నిష్‌వి ఫిన్నిష్‌వే, స్వీడిష్‌వి స్వీడిష్‌వే. రెండో జాతీయ భాష రెండు పక్షాలకీ తప్పనిసరి సబ్జెక్టు. ఇంట్లో రెండూ వినే పిల్లల్ని స్వీడిష్ బడికి పంపితే రెండు భాషలూ నిలిచే అవకాశం ఎక్కువని నా అభిప్రాయం. వీధిలో, ఆటల్లో ఫిన్నిష్ ఎలాగూ చెవిన పడుతుంది.

పలకబలపం:

పౌరసత్వం విషయంలో మీరు విన్నది నిజమే, రెండింట్లో ఏదైనా సరే. సాధారణంగా వై.కె.ఐ. అనే జాతీయ భాషా పరీక్షలో 3వ స్థాయి రావాలి. అది మధ్యస్థాయి పరీక్ష రాస్తే వస్తుంది. మాట్లాడటం, రాయడం, విని అర్థం చేసుకోవడం, చదివి అర్థం చేసుకోవడం అని నాలుగు భాగాలుంటాయి. మార్కులు భాగం భాగానికీ విడిగా ఇస్తారు, కాబట్టి బలహీనంగా ఉన్న భాగం ఏదో ముందే చూసుకోండి.

“స్వీడిష్ చాలు” అన్న మాట మాత్రం ఊరిని బట్టి ఉంటుంది. యాకొబ్‌స్టాడ్, నార్పెస్ లాంటి పశ్చిమ తీరపు ఊళ్ళలో బతుకంతా స్వీడిష్‌లో గడుస్తుంది. నార్పెస్‌లో టమాటా గాజుగృహాల్లో పనికి వచ్చినవాళ్ళు నేర్చుకునేది స్వీడిషే. అయితే అక్కడి మాండలికం పుస్తకంలోని స్వీడిష్‌కి చాలా దూరం, మొదట్లో అర్థం కాదు. హెల్సింకిలో స్వీడిష్ ఒక్కదానితో పరీక్ష గట్టెక్కినా పనిచోట, ఇంటి సొసైటీ సమావేశంలో, దుకాణంలో ఫిన్నిష్ కావాలి.

ఫిన్నిష్‌కి 15 విభక్తులని భయపెడతారు గానీ, తెలుగువాళ్ళకి ఇంట్లో, ఇంటికి, ఇంటినుంచి అని ప్రత్యయాలు తగిలించడం పుట్టుకతో వచ్చిన అలవాటు. కష్టమయ్యేది ప్రత్యయం చేరినప్పుడు మాట మధ్యలోని హల్లులు మారడం, పుస్తకంలోని ఫిన్నిష్‌కీ మాట్లాడే ఫిన్నిష్‌కీ ఉన్న ఎడం. ఉద్యోగం ఏ ఊళ్ళోనో ఖాయమయ్యాకే భాష ఎంచుకోండి. ఆ మునిసిపాలిటీలో ఏ భాషవాళ్ళు ఎక్కువో దారి బోర్డు చూస్తే తెలిసిపోతుంది, పైన రాసేది వాళ్ళ భాషలోనే.