ఐఈఎల్‌టీఎస్ స్పీకింగ్‌కి ఇడియమ్స్ బట్టీ పట్టాల్సిందేనా?

వరంగల్_బీటెక్:
వచ్చే నెల నా ఐఈఎల్‌టీఎస్ ఇంగ్లిష్ పరీక్ష. కోచింగ్‌ల సార్ ఇడియమ్స్‌ది జిరాక్స్ బుక్కు ఒకటి ఇచ్చిండు. రోజుకు ఇరవై బట్టీ కొట్టాలంట, జవాబుకు రెండన్నా పడాలంట, లేకుంటే 7 బ్యాండ్ రాదంట. మా రూమ్మేట్ ఏమో అవన్నీ తాతల కాలం మాటలు, ఇప్పుడెవడు మాట్లాడుతడు అంటున్నడు. ఎవర్ని నమ్మాలె?

కాకినాడ_కాజా:
మీ సార్ చెప్పింది కరెక్టే బ్రో. మార్కుల పట్టిక బయటే పెట్టారు, 7 బ్యాండ్ దగ్గర ‘ఇడియమాటిక్’ అని స్పష్టంగా ఉంది. నేను పార్ట్ 2లో ‘వన్స్ ఇన్ ఎ బ్లూ మూన్’ (ఎప్పుడో అరుదుగా), ‘పీస్ ఆఫ్ కేక్’ (చాలా తేలిక), ‘ఓవర్ ది మూన్’ (పట్టలేని సంతోషం) మూడూ దింపేశా. 7 వచ్చింది. ఇంకేం కావాలి?

పాత_మాస్టారు:
కాజా గారూ, మీకు 7 వచ్చినందుకు సంతోషం. అది ఆ మూడు ముక్కల వల్లే వచ్చిందని ఎలా తేల్చారు? మార్కులు నాలుగు పద్దుల కింద వేస్తారు: ధారాళత, పదసంపద, వ్యాకరణం, ఉచ్చారణ. నాలుగూ సమానమే. మీరంటున్న మాట పదసంపద పద్దులో ఉంది. అక్కడా ఇడియమ్స్ గుప్పించమని లేదు. అంత మామూలువి కాని, నుడికారం ఉన్న మాటలు కొన్ని రావాలి, ఏ మాట పక్కన ఏది అతుకుతుందో కాస్త తెలియాలి అని ఉంది. పెద్ద వానని వాళ్లు ‘హెవీ రెయిన్’ అంటారు, ‘స్ట్రాంగ్ రెయిన్’ అనరు. టీ మాత్రం ‘స్ట్రాంగ్’. ‘ఐ ఎండెడ్ అప్ స్టేయింగ్’, ‘ఐ కుడంట్ పుట్ అప్ విత్ ఇట్’... నుడికారమంటే ఇదీ. జిరాక్స్ పుస్తకాల్లో ఇవి కనబడవు, కుండపోత వానకి చెప్పే ‘రెయినింగ్ క్యాట్స్ అండ్ డాగ్స్’లోలా వీటిలో కుక్కలూ పిల్లులూ లేవు కదా!

ఒక మాక్ ఇంటర్వ్యూలో ఇంట్లో బాగా ఇష్టమైన మనిషి గురించి చెప్పమన్నాను. ఆ అబ్బాయి తాతయ్య గురించి ఎంత చక్కగా మొదలుపెట్టాడో! పొలం, సైకిల్ కడ్డీ మీద కూర్చోబెట్టుకుని బడికి తీసుకెళ్లడం, అన్నీ చెప్పాడు. చివర్లో ‘లాస్ట్ ఇయర్ హీ కిక్డ్ ద బకెట్’ అన్నాడు. మా తాత టపా కట్టేశాడు అన్నట్టు! 1785లో లండన్‌లో ఫ్రాన్సిస్ గ్రోస్ వేసిన వీధిభాష నిఘంటువులోకి ఎక్కిన మాట అది. అప్పుడూ దానికి మర్యాద లేదు, ఇప్పుడూ లేదు. కుర్రాడి పుస్తకంలో దాని ఎదురుగా ‘టు డై’ అని మాత్రమే ఉంది.

డల్లాస్_టెస్టర్:
పాపం తాతయ్య.

లీడ్స్_నర్సు:
మాస్టారూ, పరీక్ష వరకూ మీ మాట సరే. ఆ తర్వాతో? నర్సులకి ఇక్కడ బ్రిటన్‌లో రిజిస్ట్రేషన్ ఇచ్చే ఎన్‌ఎంసీ స్పీకింగ్‌లో 7 అడుగుతుంది. అది తెచ్చుకుని వార్డులో నిలబడ్డాక మొదలైంది అసలు కథ. ఎనభై దాటిన పెద్దావిడ మంచం దిగబోతూ ‘ఐ నీడ్ టు స్పెండ్ ఎ పెన్నీ, లవ్’ అంది. నాతో ఉన్న కొత్తమ్మాయి ఆవిడ పర్సు వెతికి చేతికిచ్చింది. ఆవిడ వెళ్లాలన్నది బాత్రూమ్‌కి. ఒకప్పుడు ఇక్కడ పబ్లిక్ టాయిలెట్ తలుపుకి పెన్నీ వేస్తేనే తెరుచుకునేది, మాట అలా మిగిలిపోయింది. ‘వాటర్‌వర్క్స్’ బాలేదంటే మూత్రం ఇబ్బంది. ‘పాప్డ్ హిజ్ క్లాగ్స్’ అంటే ఆయన పోయాడని. ఇవి నేను నోటితో అనక్కర్లేదు, కానీ నాకు అర్థం కాకపోతే అవస్థ పడేది పేషెంటు. జాబితా వద్దనకండి, మార్చమనండి.

డల్లాస్_టెస్టర్:
అక్క మాటకే నా ఓటు. ఇంకో తిరకాసు, దేశం మారితే మాట తిరగబడుతుంది. ఇక్కడి మేనేజర్ మీటింగ్‌లో ‘లెట్స్ టేబుల్ దిస్’ అన్నాడు, అంటే ఇప్పటికి పక్కన పెడదామని. హైదరాబాద్ టీమ్ లీడ్ వెంటనే స్క్రీన్ షేర్ చేసి మొదలెట్టేశాడు. ఆయన తప్పేముంది? పార్లమెంటులో ‘టేబుల్’ చేశారంటే సభ ముందు పెట్టారనే కదా మనం పేపర్లో చదివేది. రెండో ప్రపంచయుద్ధంలో బ్రిటిష్, అమెరికన్ అధికారులు ఈ ఒక్క మాట మీద చాలాసేపు వాదించుకున్నారని చర్చిల్ రాశాడు. ‘బాల్‌పార్క్’, ‘కర్వ్‌బాల్’, ‘రెయిన్ చెక్’ అన్నీ బేస్‌బాల్ సరుకు. మనకి తెలిసిన క్రికెట్ మాట ‘స్టిక్కీ వికెట్’ (చిక్కు పరిస్థితి) ఇక్కడ అన్నామనుకోండి, మొహమొహాలు చూసుకుంటారు.

కాకినాడ_కాజా:
అన్నీ బాగానే ఉన్నాయి. వాడికి పరీక్ష వచ్చే నెల! తెలుగు మీడియంవాడు ఎగ్జామినర్ ముందు 11 నుంచి 14 నిమిషాలు ఏం పట్టుకుని నెట్టుకురావాలి? కంగారులో నోటికొచ్చేది బట్టీ పట్టిందే. సెటిలైపోయాక ఎన్నైనా చెప్తారు.

పాత_మాస్టారు:
కంగారులో నోటికొచ్చేది అదే, కాబట్టే భయం. ఎగ్జామినర్లు బట్టీ జవాబులు రోజూ వింటారు, ఇట్టే పసిగడతారు. ‘బ్లూ మూన్’ వాడుకలో ఉన్నదే, ఉంచుకోమనండి. ‘క్యాట్స్ అండ్ డాగ్స్’ వదిలేయమనండి. ఎక్కడ వాడాలో తెలిసినవి పదున్నా చాలు.

వరంగల్_బీటెక్:
మరి ‘పీస్ ఆఫ్ కేక్’ ఉంచాల్నా, తీసెయ్యాల్నా సార్?

పాత_మాస్టారు:
ఏ ప్రశ్నకి?

వరంగల్_బీటెక్:
‘డిస్క్రైబ్ ఎ డిఫికల్ట్ థింగ్ యూ డిడ్’. సార్ రాసిచ్చిన జవాబుల చివర్ల ఉంది.

కాకినాడ_కాజా:
తీసెయ్ బ్రో.