సలీం అబ్దూల్ కరీం వృత్తిజీవితం: వైద్యుడు ఎపిడెమియాలజీలోకి వెళ్తే రోగిని వదిలేసినట్టేనా?

హౌస్‌సర్జన్_కర్నూలు:

అందరికీ నమస్కారం. ఎంబీబీఎస్ పూర్తయి ప్రస్తుతం హౌస్ సర్జన్‌గా పనిచేస్తున్నాను. పీజీలో కమ్యూనిటీ మెడిసిన్ (ఎస్‌పీఎం అనీ అంటారు) తీసుకుంటానంటే ఇంట్లో పెద్దవాళ్లు "ఎస్‌పీఎమ్మా? ర్యాంకు రానివాళ్లు తీసుకునేది కదమ్మా అది" అంటున్నారు. 2024లో, వైద్యరంగంలో ఇచ్చే లాస్కర్ పురస్కారాల్లో ప్రజాసేవకు ఇచ్చేది దక్షిణాఫ్రికాలోని డర్బన్‌కు చెందిన సలీం, ఖురైషా అబ్దూల్ కరీం దంపతులకు వచ్చిందని తెలిశాక వారి గురించి చదవడం మొదలుపెట్టాను. సలీం గారు 1960లో డర్బన్‌లోనే పుట్టి, నేటాల్ విశ్వవిద్యాలయంలో వైద్యం చదివి, తరువాత అంటువ్యాధుల ఎపిడెమియాలజీ (జబ్బులు జనంలో ఎలా వ్యాపిస్తాయో చదివే శాస్త్రం) వైపు వెళ్లిపోయారు.

నాకు రెండు సందేహాలు ఉన్నాయి. ఒకటి, ఎపిడెమియాలజీలోకి వెళ్లాక వైద్యుడిగా నేర్చుకున్నది దేనికైనా పనికొస్తుందా, లేక మిగిలేది లెక్కలేనా? రెండు, ఆయన పేరు చెప్పగానే అందరూ ఎత్తే 2010 నాటి జెల్ (హెచ్‌ఐవీ సోకకుండా స్త్రీలు యోనిలో వాడేది) హెచ్‌ఐవీని 39 శాతమే తగ్గించింది, తరువాతి ట్రయల్స్‌లో అదీ నిలబడలేదు, బజారులోకి రానేలేదు. అలాంటప్పుడు దాన్ని గొప్ప పనిగా ఎందుకు చెప్పుకుంటారు? పురస్కారాల జాబితా నేనే చదువుకున్నాను కనుక దయచేసి పని గురించి చెప్పండి.

గణాంకాల_పంతులు:

మీ రెండో సందేహంతో మొదలుపెడతాను, కానీ దానికోసం 1990 దాకా వెనక్కి వెళ్లాలి. 1980ల చివర్లో ఈ దంపతులు న్యూయార్క్‌లోని కొలంబియా విశ్వవిద్యాలయంలో ఎపిడెమియాలజీ చదివారు. ఆ నగరంలో అప్పుడు ఎయిడ్స్ అంటే ప్రధానంగా మగవారి జబ్బు. స్వదేశానికి తిరిగివచ్చాక, 1990 చివరలో, నేటాల్ ఉత్తర ప్రాంతపు పల్లెల్లో మలేరియా నిఘా కోసం ఇంటింటా వేలికొన గుచ్చి తీసే రక్తపు చుక్కల్లోనే, పేర్లు లేకుండా, హెచ్‌ఐవీని కూడా చూశారు. పరీక్షించిన 5,023 మందిలో 60 మందికి ఉన్నట్టు తేలింది, అంటే 1.2 శాతం. ఇంతే కదా అని నివేదిక మూసేసి ఉండవచ్చు. కానీ ఆ 60 మందిని విడదీసి చూస్తే స్త్రీలలో 1.6 శాతం, పురుషులలో 0.4 శాతం ఉంది. ఈమధ్యే నివాసం మారినవారిలో మిగతావారి కంటే దాదాపు మూడు రెట్లు ఉంది. గనులకూ పట్టణాలకూ మనుషులను తరలించే వలసకూలీ వ్యవస్థ మీద నడిచిన దేశంలో ఈ రెండో అంకె ఊరికే వచ్చింది కాదు. 1992లో అచ్చయిన ఆ వ్యాసానికి ప్రథమ రచయిత ఖురైషా గారు. మీ శీర్షికలో సలీం గారి పేరే ఉన్నా, ఆమెను పక్కనపెట్టి ఆయన వృత్తిజీవితం చెప్పడం కుదరదు.

ఆ తరువాత వారు చేసిన పనిలో చాలా భాగం స్త్రీ పురుషుల మధ్య ఉన్న ఆ నాలుగు రెట్ల తేడాకు జవాబు వెతకడమే. కండోమ్ వాడాలా వద్దా అన్నది మగవాడి చేతిలో ఉంటుంది. ఎవరినీ అడగకుండా, ఎవరికీ చెప్పకుండా స్త్రీ తనంతట తాను వాడుకోగలిగినది ఏదైనా కావాలి. మొదట పెట్టుకున్న ఆశలు కలిసిరాలేదు. నాన్‌ఆక్సినాల్-9 అనే జెల్ కాపాడకపోగా హాని చేస్తోందని తెలిసింది 2000లో డర్బన్‌లో జరిగిన అంతర్జాతీయ ఎయిడ్స్ మహాసభలోనే. ఆ సభకు శాస్త్రీయ కార్యక్రమాల బాధ్యత సలీం గారిదే. హెచ్‌ఐవీ వల్లే ఎయిడ్స్ వస్తుందా అని సాక్షాత్తూ దేశాధ్యక్షుడు థాబో ఎంబెకీ సందేహం లేవనెత్తిన రోజులవి.

2002లో కాప్రీసా అనే పరిశోధన కేంద్రం డర్బన్‌లో ఏర్పడింది. 2007లో అక్కడ మొదలైన ఈ దంపతుల ట్రయల్‌లో డర్బన్ నగరం నుంచి, వులిండ్లేలా అనే గ్రామీణ ప్రాంతం నుంచి 889 మంది స్త్రీలు చేరారు. సగం మందికి టెనోఫోవిర్ అనే హెచ్‌ఐవీ మందు కలిపిన జెల్, సగం మందికి మందు లేని జెల్ ఇచ్చారు. కలయికకు ముందు 12 గంటలలోపు ఒక మోతాదు, తరువాత 12 గంటలలోపు మరొకటి వాడాలి. నెలనెలా వచ్చేటప్పుడు వాడినవీ వాడనివీ అప్లికేటర్లన్నీ (జెల్ గొట్టాలు) సంచిలో వేసుకుని తెస్తే, సిబ్బంది ఖాళీవాటిని లెక్కపెట్టేవారు. చివరికి మందు జెల్ వాడినవారిలో 38 మందికి, మామూలు జెల్ వాడినవారిలో 60 మందికి హెచ్‌ఐవీ సోకింది. మీరు చెప్పిన 39 శాతం అదే. దాని విశ్వాస అంతరం (అసలు ప్రభావం ఉండగల హద్దులు) 6 నుంచి 60 శాతం దాకా ఉందన్న సంగతి మీరు రాయలేదు. అంత వెడల్పు అంతరం ఉన్న ఫలితాన్ని తుది తీర్పుగా తీసుకోకూడదు. జెల్‌ను క్రమం తప్పకుండా వాడినవారిలో తగ్గుదల 54 శాతం, అరకొరగా వాడినవారిలో 28 శాతం. 2010 జులైలో వియన్నా ఎయిడ్స్ మహాసభలో ఈ అంకెలు చదివినప్పుడు సభ లేచి నిలబడి చప్పట్లు కొట్టింది, ఎందుకంటే స్త్రీ తన చేతిలో ఉంచుకోగలిగిన ఒక మందు లైంగిక సంక్రమణను అడ్డుకోగలదని ట్రయల్‌లో రుజువు కావడం అదే మొదటిసారి.

క్షయ_విభాగం:

మీ మొదటి సందేహానికి నేను జవాబు చెబుతాను. పదిహేనేళ్లుగా జిల్లా స్థాయిలో టీబీ రోగులను చూస్తున్న వైద్యుడిని. జెల్ గురించి అందరూ మాట్లాడతారు గానీ, సలీం గారి పనుల్లో నా రోజువారీ వైద్యాన్ని మార్చింది శాపిట్ అనే ట్రయల్.

ఒకే రోగికి క్షయ, హెచ్‌ఐవీ రెండూ ఉంటే ఏ మందు ముందు మొదలుపెట్టాలి? ఒకేసారి ఇస్తే గుప్పెడు మాత్రలు మింగాలి. మందుల మధ్య పొసగకపోవచ్చు. పైగా రోగనిరోధక శక్తి తిరిగి లేచేటప్పుడు, తగ్గిందనుకున్న క్షయ లక్షణాలు ఒక్కసారిగా ఎగదన్నుతాయి. ఆ భయంతో చాలామంది వైద్యులు క్షయ చికిత్స పూర్తయ్యేదాకా హెచ్‌ఐవీ మందులు ఆపేవారు. ఆ జాగ్రత్తలో తప్పేమీ కనబడదు. ఆగడం వల్ల ఎంతమంది పోతున్నారో మాత్రం ఎవరూ లెక్కవేయలేదు. డర్బన్‌లో 642 మంది రోగులతో చేసిన ట్రయల్‌లో, చికిత్సలను కలిపి ఇచ్చినచోట నూరుగురు రోగులను ఏడాది గమనిస్తే 5.4 మరణాలు, ఒకదాని తరువాత ఒకటి ఇచ్చినచోట 12.1 మరణాలు కనబడ్డాయి. తేడా స్పష్టం కాగానే, 2008లో, భద్రతా కమిటీ సూచనపై "తరువాత ఇచ్చే" విభాగాన్ని ఆపేశారు. ఫలితాలు 2010లో వచ్చాయి.

వార్డులో నిలబడి "ఈ మాత్ర ఇవాళ మొదలుపెట్టనా, ఆరు నెలలు ఆగనా" అని తటపటాయించినవారికే ఈ ప్రశ్న తడుతుంది. లెక్కలు తరువాత ఎవరైనా వేసిపెడతారు. కాబట్టి మీ స్టెతస్కోపు వృథా కాదు.

అనుమానం_పక్షి:

పై ఇద్దరితోనూ నాకు పెద్ద విభేదం లేదు, కానీ చప్పట్ల దగ్గరే ఆగిపోతే అడిగినవారికి అన్యాయం చేసినట్టవుతుంది. 2010 తరువాత ఏమైందో కూడా చెప్పాలి. దక్షిణాఫ్రికా, ఉగాండా, జింబాబ్వేలలో 5,029 మంది స్త్రీలతో చేసిన వాయిస్ ట్రయల్‌లో కొందరికి ఇదే జెల్ ఇచ్చి రోజూ వాడమన్నారు, ఫలితం రాలేదు. దక్షిణాఫ్రికాలో 2,000 మందికి పైగా స్త్రీలతో చేసిన ఫ్యాక్ట్స్ ట్రయల్ కూడా 2015లో అదే మాట చెప్పింది. ఒక చిన్న ట్రయల్‌లో వచ్చిన 39 శాతాన్ని చూసి ప్రపంచం తొందరపడిందని నా అభిప్రాయం. ఇందులో ఆయన తప్పు లేదు, నిర్ధారణకు మరో ట్రయల్ కావాలని ఆయన బృందం కూడా అన్నది.

అయినా నాకు వాయిస్ ట్రయల్‌లో ముఖ్యంగా కనబడేది మరొకటి. జెల్ వాడుతున్నారా అని అడిగితే వచ్చిన జవాబుల ప్రకారం దాదాపు 90 శాతం వాడకం ఉండాలి. రక్తం తీసి చూస్తే నాలుగింట ఒక వంతు నమూనాల్లోనే మందు కనబడింది. ఆ స్త్రీలను అబద్ధాలకోరులు అని తేల్చేసినవారూ ఉన్నారు. తల్లిదండ్రులతో కలిసి ఒక గదిలో ఉంటూ, జెల్ గొట్టాలను ఎక్కడ దాచుకోవాలో తెలియని ఇరవై ఏళ్ల అమ్మాయి, తెల్లకోటు వేసుకున్నవారు అడిగితే ఇంకేం చెబుతుంది? రోగి చెప్పిన మాటను ఎంతవరకు నమ్మాలో మనం ఓపీలో నేర్చుకున్నది ఈ పెద్ద ట్రయల్స్ రూపకల్పనలో లోపించిందని నేను అనుకుంటాను.

కోవిడ్ కాలంలో దక్షిణాఫ్రికా ఆరోగ్య మంత్రిత్వ సలహా కమిటీకి సలీం గారు అధ్యక్షత వహించి, 2020 ఏప్రిల్‌లో టీవీలో కూర్చుని పటాలతో దేశానికి మహమ్మారిని వివరించారు. 2021 మార్చిలో ఆ బాధ్యత వదిలారు. ఆయన పేరు సామాన్యులకు తెలిసింది అప్పుడే అయినా, వృత్తిపరంగా అది చిన్న అధ్యాయమేనని నా అంచనా.

గణాంకాల_పంతులు:

అనుమానం_పక్షి గారూ, మీ మాటలు చాలావరకు ఒప్పుకుంటాను. రెండు విషయాలు కలపాలి. ఒకటి, జెల్ ఎందుకు విఫలమైందో వెతుకుతూ, కాప్రీసా ట్రయల్‌లో భద్రపరిచిన నమూనాలను మళ్లీ పరీక్షించగా, యోనిలో లాక్టోబాసిలస్ అనే మేలుచేసే బ్యాక్టీరియా ఎక్కువగా ఉన్న స్త్రీలలో అదే జెల్ 61 శాతం కాపాడిందనీ, ఇతర బ్యాక్టీరియా ఎక్కువ ఉన్నవారిలో 18 శాతమే కాపాడిందనీ 2017లో తేలింది. గార్డ్‌నెరెల్లా వంటి బ్యాక్టీరియా మందును విచ్ఛిన్నం చేస్తోంది. అంటే లోపం అమ్మాయిల క్రమశిక్షణలోనే ఉందని చెప్పడానికి వీల్లేదు. నమూనాలు పారేసి ఉంటే ఈ సంగతి బయటపడేది కాదు.

రెండోది, స్త్రీలలోనే ఎందుకు ఎక్కువ అన్న 1990 నాటి ప్రశ్నకు జవాబు. వైరస్ జన్యుక్రమాలను ఒకదానితో ఒకటి పోల్చి, ఎవరి నుంచి ఎవరికి సోకిందో అంచనా వేసే పద్ధతిలో వారి బృందం 2017లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, 25 ఏళ్లలోపు స్త్రీలకు సోకించినవారు సగటున 8.7 ఏళ్లు పెద్దవారైన పురుషులు. ఆ స్త్రీలే పెద్దయ్యాక తమ ఈడు పురుషులతో ఉంటారు, ఆ పురుషుల్లో కొందరు మళ్లీ చిన్నవయసు అమ్మాయిలతో ఉంటారు. ఇలా ఒక చక్రం తిరుగుతుంది. 60 మందితో మొదలైన అనుమానం ఈ రూపానికి రావడానికి 27 ఏళ్లు పట్టింది.

జీడిమెట్ల_కెమిస్ట్:

నేను వైద్యుడిని కాదు, హైదరాబాద్ మందుల పరిశ్రమలో పనిచేస్తాను. ఈ కథకు మన ఊరితో సంబంధం ఉంది కనుక రాస్తున్నాను. ఏడాదికి రెండుసార్లు పొట్ట మీద చర్మం కింద ఇచ్చే, హెచ్‌ఐవీ సోకకుండా ఆపే లెనకాపవిర్ ఇంజెక్షన్‌ను దక్షిణాఫ్రికా, ఉగాండాలలో 16 నుంచి 25 ఏళ్ల యువతుల మీద పరీక్షించగా, ఇంజెక్షన్ తీసుకున్న 2,134 మందిలో ఒక్కరికి కూడా హెచ్‌ఐవీ సోకలేదని 2024లో వెల్లడైంది. ఆ ట్రయల్‌కు నాయకత్వం కేప్‌టౌన్‌కు చెందిన లిండా-గెయిల్ బెక్కర్ గారిది, అబ్దూల్ కరీం దంపతులది కాదు. అయితే స్త్రీ ఎవరికీ తెలియకుండా వాడుకోగలగాలి అన్న పాత ఆలోచనకు ఇది సరిపోతుంది, గొట్టాలు దాచుకునే బాధ కూడా లేదు. దీని జెనెరిక్ తయారీకి అనుమతి పొందిన ఆరు సంస్థల్లో రెండు, డాక్టర్ రెడ్డీస్, హెటెరో, హైదరాబాద్‌వే. మనిషికి ఏడాదికి సుమారు 40 డాలర్ల ధరకు 2027 నుంచి పేద, మధ్యాదాయ దేశాలకు సరఫరా చేస్తామని 2025 సెప్టెంబరులో ఒప్పందాలు కుదిరాయి.

హౌస్‌సర్జన్_కర్నూలు:

అందరికీ ధన్యవాదాలు. ఒక్క ప్రశ్న మిగిలింది. మాకు ఫైలేరియా సర్వేకు రాత్రిపూట ఇళ్లకు వెళ్లి రక్తం తీసిన అనుభవం ఉంది. మరుసటి వారం "నా రిపోర్టు ఏమైంది డాక్టరమ్మా" అని ఒక ముసలాయన వెతుక్కుంటూ వచ్చాడు. పంతులు గారూ, 1990 సర్వేలో బయటపడిన ఆ 60 మందికి సంగతి చెప్పారా?

గణాంకాల_పంతులు:

లేదండీ, చెప్పే వీలు లేదు. నమూనా మీద పేరు లేదు కనుక ఆ 60 మంది ఎవరో పరీక్ష చేసినవారికి కూడా తెలియదు. మన దేశంలోనూ గర్భిణుల నమూనాల నుంచి పేర్లు తీసేసి చేసే హెచ్‌ఐవీ నిఘా సర్వేలు చాలా ఏళ్లు ఇలాగే నడిచాయి. 1990లో ఎవరికైనా చెప్పినా ఇవ్వడానికి చేతిలో ఏజెడ్‌టీ అనే తొలి హెచ్‌ఐవీ మందు తప్ప దాదాపు మరో మందు లేదు. జెల్ ట్రయల్ పద్ధతి వేరు. అక్కడ చేరిన ప్రతి స్త్రీకి ప్రతినెలా పరీక్ష చేసి, ఫలితం ఆమెకే చెప్పేవారు. 38, 60 కలిపి ఆ 98 మంది ఎవరెవరో వారికి తెలుసు.