సమస్య: పిఱికివాడె గెలిచె పెద్దపులిని

నిర్వాహకులు: స్నేహితుడి ముందు ధైర్యం చూపించుకోబోయే మనిషిని తలచుకుంటే నాకు నవ్వు ఆగదు. ఆ నవ్వులోంచే ఈ పాదం వచ్చింది. ఇదే చివరి పాదంగా, ముందు మూడు పాదాలు రాసి ఆటవెలదిని పూరించండి.

యతిమిత్ర:
మిత్రు నెదుట నిలిచి మీసమ్ము దువ్వుచు
గోడమీది బొమ్మ గుద్ది గుద్ది
చేయి వాచుదనుక చింపెఁ గాగితమును
పిఱికివాడె గెలిచె పెద్దపులిని

గజమాల: 'చేయి వాచుదనుక' చాలా బాగుంది. కానీ బొమ్మ అని రెండో పాదంలోనే చెప్పేశారు. ముడి అంత తొందరగా విప్పితే ఎలా? నా పూరణ:

నిదురలోన దూకి నేస్తంబు చూడగా
కత్తి పట్టి నఱికె కాళ్ళు తోక
మేలుకొనగ చేత మిగిలె దిండు దూది
పిఱికివాడె గెలిచె పెద్దపులిని

యతిమిత్ర: మూడో పాదం చివర 'డు దూది' జగణం (లఘువు, గురువు, లఘువు). అక్కడ రావలసిన ఇంద్రగణాల్లో దానికి చోటు లేదు. 'దిండున దూది' అంటే కుదురుతుంది. అయినా మళ్ళీ కలేనా? పోయినసారి సమస్యలో ఏనుగునూ కలలోనే లొంగదీశారు. అసాధ్యమైనదంతా కలలోకి తోసేస్తే దాన్ని పూరణ అనలేం.

గజమాల: 'దిండున' బాగుంది, అలాగే ఉంచుతాను. ఏనుగు పద్యంలో కల కన్నది ఏనుగు, మావటి కాదు. ఆ తేడా మీరు అప్పుడూ గమనించలేదు. అదే సమస్యకు మీరు 'పి'కి 'పు'తో యతి (పాదం మొదటి అక్షరానికి మధ్యలో జత కలిపే అక్షరం) వేస్తే, ఇకారానికి ఉకారంతో మైత్రి లేదని చెప్పింది నేనే.

అడవిబాట: ఇద్దరికీ నమస్కారం. నాదీ చూడండి.

భయము నాకు లేదు పద చూపెదను సఖా
యనుచు నడవి జొచ్చి యఱపు వినఁగ
పరుగుపందెమందు బాణమ్ము వలె దూసి
పిఱికివాడె గెలిచె పెద్దపులిని

యతిమిత్ర: అబ్బ! గెలుపు పరుగులోనా! పులినీ గెలిచాడు, పిరికివాడిగానూ మిగిలాడు. సమస్యలో ఒక్క మాట కూడా నలగలేదు. ఉత్తరకుమారుడు కౌరవసేనను చూసి రథం దూకి పరుగెత్తినా బృహన్నల చేతికి చిక్కాడు. ఇతను పులికి కూడా చిక్కలేదు. గజమాలగారూ, కల లేకుండా ముడి విప్పడమంటే ఇదీ.

గజమాల: పద్యం నాకూ నచ్చింది. యతిలో 'భ'కు 'ప' చెల్లుతుంది, అభ్యంతరం లేదు. కానీ మొదటి పాదంలో పిలిచిన సఖుడు ఏమయ్యాడు?

అడవిబాట: అడవి అంచునే ఆగిపోయాడండి. ఎవరు ముందు బయటపడ్డారో చూసి చెప్పేవాడు ఒకడు ఉండాలి కదా.

నిర్వాహకులు: నా ఓటు పరుగుపందేనికే. గజమాలగారూ, ఆ ఏనుగు పద్యం ఒకసారి మళ్ళీ ఇక్కడ పెట్టండి. కల ఎవరిదో నేనూ చూస్తాను.