ట్యూనికేట్లా, ఆంఫియాక్ససా? మనకి దగ్గరి చుట్టం ఎవరు? (పాత బీఎస్సీ వాడి డౌటు)

ఉప్పుటేరు_సత్యం

అందరికీ నమస్కారం. నేను 1996లో బీఎస్సీ పాసయ్యాను, సీబీజెడ్ (కెమిస్ట్రీ, బోటనీ, జువాలజీ). ఆ తర్వాత జువాలజీకీ నాకూ తెగిపోయింది, ఇన్సూరెన్స్‌లో పడి కొట్టుకుంటున్నా. మా అమ్మాయి ఇప్పుడు బైపీసీ సెకండియర్, నీట్‌కి చదువుతోంది. మొన్న రాత్రి అన్నం తింటూ "నాన్నా, వెన్నెముక ఉన్నవాటికి అన్నిటికంటే దగ్గరి చుట్టం ఆంఫియాక్సస్ కాదంట, ట్యూనికేట్లంట, తెలుసా" అంది. నేను పెద్ద తెలిసినవాడిలా నవ్వేసి, కాదమ్మా, మా లెక్చరర్ బోర్డు మీద మెట్లు గీసి మరీ చెప్పారు, అడుగు మెట్టు హెమీకార్డేటా, దాని పైన యూరోకార్డేటా అంటే నీ ట్యూనికేట్లు, దాని పైన సెఫలోకార్డేటా అంటే ఆంఫియాక్సస్, ఆ పైన చేపలు, కాబట్టి పక్క మెట్టు ఆంఫియాక్ససే అని పది నిమిషాలు క్లాసు పీకాను. అది ఫోన్లో ఏదో వ్యాసం తీసి ముందు పెట్టింది, పరువు పోయింది.

చదివాను గానీ ఇప్పటికీ మింగుడు పడట్లేదు. ఆంఫియాక్సస్‌ని స్లైడ్‌లో చూసినా బాటిల్లో చూసినా అచ్చం చిన్న చేపే, ఈ కొస నుంచి ఆ కొసకి నోటోకార్డ్ (వెన్నెముకకి ముందు రూపం లాంటి కడ్డీ), ఒంటి పొడుగునా వరస కట్టిన కండరాలు, తోక. ట్యూనికేట్ ఏమో సముద్రంలో అతుక్కుని బతికేది, అందులో హెర్డ్‌మేనియా అనే రకం ప్రాక్టికల్స్‌లో ఇచ్చేవాళ్ళు మాకు, ఫార్మలిన్ కంపు కొడుతూ ముడుచుకుపోయిన బంగాళాదుంపలా ఉండేది, పైన రెండు మూతులు. తలా లేదు తోకా లేదు. ఇది చేపకి చుట్టం ఎలా అయింది? ఎవరైనా మామూలు భాషలో చెప్పండి ప్లీజ్. ఇంకోటి, నీట్‌లో ఏది రాయాలి?

పిండం_కథలు

సత్యం గారూ, అమ్మాయే కరెక్టండి. మీ లెక్చరర్ గారిని కూడా ఏమీ అనక్కర్లేదు, 1996లో ఎక్కడ చదివినా దాదాపు అదే చెప్పేవాళ్ళు. తిరగబడింది 2006లో. డెల్సుక్ అనే ఫ్రెంచ్ ఆయన, ఆయన టీమూ కలిసి 146 జీన్లు తీసుకుని రకరకాల జంతువుల్లో పక్కపక్కన పెట్టి పోల్చి నేచర్ అనే సైన్స్ పత్రికలో పేపర్ వేశారు, వెన్నెముక జీవుల పక్కన కూర్చున్నది ట్యూనికేట్లు, ఆంఫియాక్సస్ ఏమో ఈ ఇద్దరికీ బయట. ఈ ఇద్దరి గుంపుకి ఆల్‌ఫాక్టోరీస్ అని పేరు, అది కూడా అప్పుడు పెట్టింది కాదు, జెఫ్రీస్ అనే ఆయన శిలాజాలు చూసి 1991లోనే పెట్టాడు, అప్పట్లో పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు అంతే.

మీకు చిక్కు ఎక్కడొచ్చిందంటే పోలికని చుట్టరికం అనుకున్నారు. ఊళ్ళో మీ పెదనాన్న కొడుకు ఒకాయన ఉన్నాడనుకోండి, తాత కట్టిన పంచెకట్టే కడతాడు, అదే ఇల్లు, అదే పిలక. మీ సొంత తమ్ముడు చిన్నప్పుడే ఎటో వెళ్ళిపోయి గుండు చేయించుకుని, గడ్డం పెంచి, పేరు కూడా మార్చుకున్నాడు, ఫొటో చూసి ఎవరూ గుర్తుపట్టలేరు. పొలం కాగితాలు తీస్తే మాత్రం మీ పక్కన పేరు ఎవరిది? ఆంఫియాక్సస్ ఆ పెదనాన్న కొడుకు. పాత పద్ధతి వదల్లేదు కాబట్టి మీలాగా కనిపిస్తాడు. ట్యూనికేట్ ఆ తమ్ముడు.

తమ్ముడు చిన్నప్పుడు ఎలా ఉండేవాడో చూస్తే మాత్రం డౌటు ఉండదు. సియోనా అని ల్యాబుల్లో బాగా వాడే ట్యూనికేట్ ఉంది, దాని డింభకం (లార్వా, అంటే పిల్ల దశ) మిల్లీమీటరు పొడుగు, చూస్తే తోకకప్పే. ఒళ్ళంతా కలిపి 2,600 కణాల దాకా ఉంటాయి. తోక మధ్యలో నోటోకార్డ్, అందులో సరిగ్గా 40 కణాలు, రూపాయి బిళ్ళలు దొంతర పేర్చినట్టు ఒకదాని వెనక ఒకటి, మైక్రోస్కోప్‌లో కూర్చుని లెక్కపెట్టొచ్చు, నేను లెక్కపెట్టాను కూడా. దాని పైన బోలుగా నాడీ దండం, అటూ ఇటూ కండరాలు. తల్లో రెండు నల్ల చుక్కలు, ఒకటి పైకేదో కిందికేదో చెబుతుంది, రెండోది వెలుతురు చూస్తుంది. కేంద్ర నాడీ వ్యవస్థలో (మెదడు, నాడీ దండం) 177 న్యూరాన్లు, ఏది దేనికి కనెక్ట్ అయిందో 2016లో పూర్తిగా గీసేశారు. ఇది తినదు, నోరు ఇంకా తెరుచుకోదు, దాని పని ఒక్కటే, కొన్ని గంటలు ఈది మంచి చోటు చూసుకుని తలతో అతుక్కోవడం. అతుక్కున్నాక తోక లోపలికి లాగేసుకుంటుంది, నోటోకార్డ్ పోతుంది, మీ బంగాళాదుంప తయారవుతుంది. పుస్తకంలో తిరోగమన రూపవిక్రియ అని చదివింది ఇదే.

ఈ డింభకంలో నోటోకార్డ్ ఉందని 1866లో కొవలెవ్‌స్కీ అనే రష్యన్ చూపించాడు. అంతకుముందు దాకా వీటిని నత్తలు, ఆల్చిప్పలతో కలిపి మొలస్కాలో పడేసేవాళ్ళు. డార్విన్‌కి అది ఎంత నచ్చిందంటే 1871లో మనిషి పుట్టుక గురించి రాసిన పుస్తకంలో దీన్ని ప్రత్యేకంగా ఎత్తి చెప్పాడు.

జీన్లు ఒక్కటే కాదు, పిండంలో కూడా ఆధారాలు దొరికాయి. మన మొహం ఎముకలు, చర్మం రంగు కణాలు, ఇవన్నీ న్యూరల్ క్రెస్ట్ అనే కణాల నుంచి వస్తాయి కదా, అది వెన్నెముక జీవులకే సొంతం అనుకునేవాళ్ళు. సియోనా డింభకంలో దాని పాత మోడల్ లాంటి కణాలు ఉన్నాయని, వాటిలో ఒక్క జీన్ ఆన్ చేస్తే అవి లేచి నడవడం మొదలుపెట్టాయని 2012లో చూపించారు. అలాగే గుండె కణాలూ గొంతు దగ్గరి కండరాల కణాలూ ఒకే తల్లికణం నుంచి పుట్టడం మనలోనూ ఉంది, సియోనాలోనూ ఉంది. ఎండోస్టైల్ (వీటి గొంతులో ఉండే గాడి) సంగతి ఎవరో ఒకరు ఎత్తుతారు కాబట్టి ముందే చెప్తున్నా, అది మన థైరాయిడ్‌కి మూలం, నిజమే, అయోడిన్ పట్టుకుంటుంది, నిజమే, కానీ అది ఆంఫియాక్సస్‌కీ ఉంది, కాబట్టి ఈ తగువు దాంతో తెగదు.

ఓరుగల్లు_పోరడు

గిది గదే కదనే, రాయికి అతుక్కోంగనె సొంత మెదడు తినేస్తది అని రీల్స్‌ల తిరుగుతుంటది. మా హాస్టల్ల అట్లాంటోళ్ళు శానా మంది ఉన్నరు 😂

పిండం_కథలు

తమ్ముడూ ఆ రీల్ సగం నిజం. డింభకం మెదడు చాలావరకు కరిగిపోతుంది, అది నిజం. కానీ ఆ చోటే కొత్త నాడీ ముడి ఒకటి తయారవుతుంది, రెండు మూతుల మధ్యలో గోడలో ఉంటుంది, పెద్దయ్యాక దాంతోనే బండి నడుస్తుంది. పాత ఇల్లు పడగొట్టి ఆ ఇటికలతోనే చిన్న షెడ్డు వేసుకున్నట్టు. మెదడు తిని బతికేస్తుంది అంటే వినడానికి బావుంటుంది, కానీ మూతి ముట్టుకుంటే టక్కున మూసుకుంటుంది కదా, మెదడే లేకపోతే ఆ పని ఎవరు చేస్తున్నట్టు?

జెట్టీ_రాజు

నేను ఫిషరీస్ చదివి విశాఖ హార్బర్ దగ్గరే పని చేస్తున్నానండి, పుస్తకం సంగతులు పైన సార్ చెప్పేశారు, చూసింది చెప్తాను. బోటుని గట్టుకెక్కించి అడుగు గీకేటప్పుడు నాచు, గుల్లలతో పాటు ఇవి కూడా వస్తాయి, మెత్తగా తోలు తిత్తిలాగా, పైన మట్టీ నాచూ పట్టేసి ఉంటుంది కాబట్టి జంతువని ఎవరికీ అనిపించదు. బొటనవేలితో నొక్కితే సర్రుమని నీళ్ళు మొహం మీద కొడుతుంది, కొత్తగా చేరిన కుర్రాళ్ళతో ఆ సరదా ఉంటుంది మా దగ్గర. మా బోటు వాళ్ళు దీన్ని ప్రత్యేకంగా ఏ పేరుతోనూ పిలవగా నేను వినలేదు, చెత్త అంటారంతే. నీళ్ళలో ఉన్నప్పుడు చూడాలి అసలు, ఒక మూతి లోంచి నీళ్ళు లాగుతూ, లోపల జల్లెడ లాంటి గొంతులో బంకతో తిండి వడగట్టుకుని, రెండో మూతి లోంచి వదులుతూ ఉంటుంది, పగలూ రాత్రీ అదే పని.

ఆ తోలు ఉంది చూశారా, అందులో సెల్యులోజ్ ఉంటుంది. అవును చెట్లలో ఉండేదే, మన నూలు పంచెలో ఉండేదే. జంతువుల్లో సొంతంగా సెల్యులోజ్ తయారుచేసుకునేవి ఇవే, ఆ జీన్ వీటి పూర్వీకులకి ఎప్పుడో బ్యాక్టీరియా నుంచి వచ్చి చేరింది. ఆ తోలు కోటు వల్లే ట్యూనికేట్ అని 1816లో లామార్క్ పేరు పెట్టాడు.

సత్యం గారూ మీకు హెర్డ్‌మేనియా స్పిక్యూల్స్ స్పాటర్ గుర్తుందా? ముళ్ళు ముళ్ళుగా సున్నపు సూదులు, మెగాస్క్లియర్, మైక్రోస్క్లియర్ అని. నాకు ఆ స్లైడ్ పెడితే స్పాంజి స్పిక్యూల్స్ అని రాసి రెండు మార్కులు పోగొట్టుకున్నా, ఇప్పటికీ మర్చిపోలేదు. ఇంకో వింత, దీని గుండె కాసేపు ఒక వైపు కొట్టుకుని, ఆగి, మళ్ళీ రెండో వైపు తిప్పి కొట్టుకుంటుంది, రక్తం వచ్చిన దారినే వెనక్కి పోతుంది. కొన్ని రకాల రక్తకణాల్లో వనేడియం అనే లోహం సముద్రపు నీళ్ళలో కంటే లక్షల రెట్లు పోగుపడి ఉంటుంది, 1911లో కనిపెట్టారు, దాంతో వాటికి ఏం పనో ఇప్పటికీ కొట్టుకుంటున్నారు.

బుసాన్_బుజ్జి

మీరందరూ చెత్త అంటున్నారు, ఇక్కడ కొరియాలో దీన్ని పెంచి, కోసి, పచ్చిగా తింటారు 🙈 పేరు మొంగె. నారింజ రంగులో ఒళ్ళంతా బొడిపెలు, చిన్న సైజు అనాసపండులా ఉంటుంది. నేను పీహెచ్‌డీకి వచ్చిన కొత్తలో మా ల్యాబ్ వాళ్ళు చేపల మార్కెట్‌కి తీసుకెళ్ళారు, ఆంటీ చేతికి గ్లౌజు వేసుకుని తోలు చీల్చి లోపలి పసుపు రంగు కండ తీసి ప్లేటులో పెట్టింది, పక్కన ఎర్ర కారం సాస్. మొదటి ముక్కకి టించర్ అయోడిన్ తాగినట్టు అనిపించింది, తర్వాత కొంచెం చేదు, ఆఖర్న ఎక్కడో తీపి. రెండో ముక్క తినలేదు. జపాన్‌లో హోయా అంటారు, అదే జాతి, చిలీలో వేరే రకం తింటారు. ఇప్పుడు ఇది మనకి తమ్ముడి వరస అంటున్నారు కదా, మా ల్యాబ్ వాళ్ళకి చెప్తాను ఆగండి.

క్యాన్సర్ మందు కూడా ఉంది దీంట్లో. ట్రాబెక్టెడిన్ అని, కరీబియన్ వైపు దొరికే ట్యూనికేట్‌లో కనిపెట్టారు, యూరప్‌లో 2007లో, అమెరికాలో 2015లో పర్మిషన్ వచ్చింది.

ఉప్పుటేరు_సత్యం

అబ్బో, ఇంత వస్తుందనుకోలేదు, అందరికీ థాంక్స్. రాజు గారూ ఆ స్పిక్యూల్స్ దగ్గర నేనూ స్పాంజి అనే రాశాను, మనం ఒకే పార్టీ.

రెండు మిగిలాయి. ఒకటి, అయితే మనం ట్యూనికేట్ నుంచి వచ్చామనుకోవచ్చా? మాకు గార్‌స్టాంగ్ థియరీ అని చెప్పారు, డింభకం అతుక్కోకుండా, పెద్దవకుండా అలాగే ఈదుతూ పిల్లలు పెట్టేసింది, దాన్నుంచి చేపలు వచ్చాయి అని. రెండు, తమ్ముడు అంతగా ఎందుకు మారాడు? అమ్మాయి అడుగుతోంది, నేను కాదు.

పిండం_కథలు

వచ్చాం అనకండి. తమ్ముడి కడుపున మీరు పుట్టలేదు కదా, ఇద్దరికీ తల్లి ఒకరు. గార్‌స్టాంగ్ 1928లో చెప్పింది చాలా అందమైన ఆలోచన, నాకూ ఇష్టమే, కానీ అందులో పెద్దయ్యాక అతుక్కుని బతికేవాడే మన మూలపురుషుడు అనుకోవాలి. ఇప్పుడు చుట్టాల పట్టిక మారిపోయాక అది అంత తేలిగ్గా అతకదు. ఆంఫియాక్సస్ ఈదుతుంది, చేపలు ఈదుతాయి, ట్యూనికేట్లలో కూడా ఓయికోప్లూరా లాంటి లార్వేసియన్లు తోక పెట్టుకునే జీవితాంతం ఈదుతాయి, పైగా మిగతా ట్యూనికేట్లన్నిటి నుంచీ ముందు విడిపోయిన కొమ్మ అదే. కాబట్టి తల్లి ఈదేదే అయ్యుండొచ్చు, అతుక్కోవడం తమ్ముడి సొంత తెలివి. అలా అని అది నిన్న మొన్నటిది కాదు. అమెరికాలో యూటా రాళ్ళలో దొరికిన మెగాసైఫాన్ అనే శిలాజం గురించి 2023లో రాశారు, వయసు 50 కోట్ల ఏళ్ళు, రెండు మూతులతో అచ్చం ఇప్పటి దానిలాగే ఉంది. దాన్ని చూసి, లేదు ట్యూనికేట్ల మొదటి తాత కూడా అతుక్కునే ఉండేవాడు అనేవాళ్ళు ఉన్నారు. ఆ పంచాయతీ ఇంకా నడుస్తోంది.

ఎందుకు మారాడు అంటే, వీటి జీనోమ్ (అంటే మొత్తం డీఎన్ఏ) చాలా స్పీడుగా మారుతుంది, చాలా పోగొట్టుకుంది కూడా. సియోనా జీనోమ్ 2002లో చదివారు, 16,000 జీన్ల దాకా ఉన్నాయి. తల నుంచి తోక దాకా ఒళ్ళు ఎక్కడేం కట్టాలో చెప్పే హాక్స్ జీన్లు ఆంఫియాక్సస్‌లో ఒకే వరసలో పూసల దండలా ఉంటే, సియోనాలో దండ తెగి పూసలు పడ్డాయి, కొన్ని దొరకనే లేదు. ఓయికోప్లూరాలో అయితే పూర్తిగా చెల్లాచెదురు. మన వైపు చూస్తే అంతా దానికి రివర్స్, ట్యూనికేట్లతో విడిపోయాక మన పాత పూర్వీకుల్లో జీనోమ్ మొత్తం రెండింతలైంది, తర్వాత ఇంకోసారి కూడా. తమ్ముడు సామాను అమ్ముకున్నాడు, అన్న డబుల్ చేసుకున్నాడు, చూసేవాళ్ళకి ఇద్దరూ ఒక ఇంటివాళ్ళని ఎలా అనిపిస్తుంది చెప్పండి.

ఇంకో తలనొప్పి, పుస్తకంలో అసీడియేసియా, థాలియేసియా, లార్వేసియా అని మూడు క్లాసులు ఉంటాయి కదా, వాటిలో మొదటిది నిజంగా ఒక కుటుంబం కాదు, నీళ్ళలో తేలే సాల్ప్‌లు, డోలియోలం (అంటే థాలియేసియా) అతుక్కునే వాటి మధ్యలోంచే పుట్టుకొచ్చాయి. పేరు వాడుకలో ఉంది కాబట్టి వాడుతున్నారు.

పరీక్షకి మాత్రం అమ్మాయిని ఎన్సీఈఆర్టీలో ఉన్నదే టిక్ పెట్టమనండి. యూరోకార్డేటాలో నోటోకార్డ్ డింభకం తోకలోనే, సెఫలోకార్డేటాలో తల నుంచి తోక దాకా జీవితాంతం. ఉదాహరణలు అసీడియా, సాల్పా, డోలియోలం ఒక వైపు, బ్రాంకియోస్టోమా (అంటే ఆంఫియాక్ససే) ఇంకో వైపు. అవి ఇప్పటికీ నిజాలే, ఏమీ మారలేదు. మారింది మీ లెక్చరర్ గీసిన మెట్లు.

ఉప్పుటేరు_సత్యం

చదివి వినిపించాను. "అంటే నువ్వు ఓడిపోయినట్టేగా" అంది. బాటిల్లో కాదు, బతికున్నది చూడాలంట ఇప్పుడు. రాజు గారూ, హార్బర్ లోపలికి మమ్మల్ని రానివ్వరు కదా, రుషికొండ వైపు రాళ్ళలో దొరుకుతాయా?

జెట్టీ_రాజు

హెర్డ్‌మేనియా అంత పెద్దది కనపడుతుందని మాటివ్వలేను గానీ, కాలనీలు కట్టే చిన్న రకాలు రాళ్ళ అడుగున పల్చటి జిగురు పొరలా పట్టి ఉంటాయండి, స్పాంజి అనుకుని వదిలేస్తారు అందరూ. దగ్గరగా చూస్తే ఆ పొరలో సూదిమొన అంత చిల్లులు ఉంటాయి, ఒక్కో చిల్లు ఒక్కొక్కడి మూతి. పోటు పూర్తిగా తీసినప్పుడు వెళ్ళండి, భూతద్దం పట్టుకెళ్ళండి, చెప్పులు కాదు బూట్లు, గుల్లలు కోసేస్తాయి. తిప్పి చూసిన రాయి మళ్ళీ ఎలా ఉందో అలా పెట్టేయమనండి పాపని, ఎండ తగిలితే చచ్చిపోతాయి. ఆదివారం పోటు టైము చూసి ఇక్కడే పెడతాను.