బదిలీ ఆర్డరు మీద స్టే: ముందు జాయిన్ అవ్వాలా, ముందు కోర్టుకా?

పెన్నాగట్టు: మా సంఘం సభ్యుడు, జూనియర్ అసిస్టెంటు. చీరాల నుంచి నల్లమల అడవి పక్కనున్న యర్రగొండపాలెం వేశారు. భార్య చీరాలలోనే ఉద్యోగి. భార్యాభర్తల వెసులుబాటు బదిలీల జీవోలోనే ఉంది. హైకోర్టులో రిట్ వేస్తే స్టే ఖాయం కదా?

ఒంగోలుగిత్త: జీవో ఒక్కటే పట్టుకుపోతే కష్టం. 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసు సరిగ్గా ఇదే. భార్యాభర్తల మార్గదర్శకం దృష్టిలో పెట్టుకోవాల్సిందే గానీ కోర్టులో అడిగి పుచ్చుకునే హక్కు కాదంది సుప్రీంకోర్టు. మిగిలేవి రెండు సందులు: చట్టబద్ధ నియమం తప్పడం, దురుద్దేశం. దురుద్దేశం అంటే ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చి, ఏ తేదీన ఏం జరిగిందో రాయాలి. ‘కక్షతో వేశారు’ అని ఒక్క ముక్క రాస్తే ఎవరూ పట్టించుకోరు.

చాక్‌పీస్: టీచర్లకైతే 2025లో బదిలీల చట్టమే వచ్చింది. మా సంగతి వేరు.

పెన్నాగట్టు: నియమం తప్పారు కాబట్టే అంటున్నా. చీరాల ఇప్పుడు బాపట్ల జిల్లా. జిల్లా కేడరు (ఒక జిల్లాకు కట్టిన పోస్టుల గుంపు) దాటించారు, స్థానిక కేడర్లకు ఆధారమైన రాజ్యాంగం 371-డి ఏమైంది?

ఒంగోలుగిత్త: 2022లో జిల్లాలు చీల్చారు, సరే. ఆ 371-డి కింద కేడర్లు ఖరారు చేసిన రాష్ట్రపతి ఉత్తర్వు 1975 నాటిది. అందులో రెండూ పాత ప్రకాశమే.

పెన్నాగట్టు: చీరాల బాపట్లే!

కోవూరుకుర్రోడు: మ్యాపు వేరు, కేడరు వేరు సామీ. నాలుగోసారి చెప్తున్నారు.

పెన్నాగట్టు: సరే వదిలేయ్. పాత సీటు నుంచి రిలీవ్ చేసేలోపే కోర్టుకు పోవాలి, అది నిజం. ‘స్టేటస్ కో’ (ఉన్నది ఉన్నట్టే ఉంచండి) ఆర్డరు వస్తే ఆ రోజు కుర్చీలో ఎవరుంటే వాళ్ళదే. ఛార్జి రిపోర్టులో తేదీ పక్కన ఎఫ్.ఎన్. (ఉదయం) ఉందా ఏ.ఎన్. (మధ్యాహ్నం) ఉందా అనేదాని మీద కూడా వాదన నడుస్తది. అందుకే లంచ్ మోషన్, అంటే అదే రోజు మధ్యాహ్నం అర్జంటుగా వినమని అడగడం.

ఒంగోలుగిత్త: స్టే రాకపోతే? రిలీవయ్యాక ‘వినతి పెండింగులో ఉంది’ అని ఇంట్లో కూర్చోడానికి లేదు. 1989 పోషాణీ కేసులో అలా కూర్చున్నాయన ఉద్యోగమే పోయింది. పైగా ఎల్‌పీసీ (ఆఖరి జీతం సర్టిఫికెట్) కొత్త ఆఫీసుకు పోతే పాత డీడీవో (జీతాలు డ్రా చేసే అధికారి) జీతం బిల్లు పెట్టడు. జాయినై కేసు నడుపుకోవచ్చు. చాలా రిట్లు ‘వినతి పరిశీలించండి’ అన్న ఆర్డరుతో తేలిపోతాయి, దానికి రోడ్డున పడాలా?

పెన్నాగట్టు: నువ్వు ప్రభుత్వం తరఫు ప్లీడరువా? ఎమ్మెల్యే లేఖ ఉన్నోళ్ళు కదలరు, లేనోళ్ళని అడవికి తోస్తారు. వాళ్ళ గురించి ఒక్క మాట రాయవు.

ఒంగోలుగిత్త: చీరాలలో ఆ కుర్చీకి వస్తున్నది ఎవరు? అదే అడవిలో ఏళ్ళు చేసి కిందికి దిగే మనిషి. లేఖ ఉన్నోడు కాదు. రిట్‌లో ఆయన్ని ప్రతివాదిగా చేర్చారా?

పెన్నాగట్టు: లేదు. చేర్చితే కౌంటర్ వేసి స్టే ఎత్తేయిస్తాడు.

ఒంగోలుగిత్త: చేర్చకపోయినా ‘నన్నూ కేసులో చేర్చండి’ అని ఇంప్లీడ్ పిటిషనుతో వస్తాడు. ఆయన కూడా మన సంఘమే, చందా రసీదు చూసుకో.

కోవూరుకుర్రోడు: ఏందబ్బా, మరి సంఘం ఎవరికి వకాల్తా ఇస్తుంది?