దెనీ లావాన్ సినిమాలు ఏ వరుసలో చూడాలి?

శ్రావ్య_నటన:
డైలాగు లేకుండా ఒంటితో నటించడం గమనించడానికి ఈ ఫ్రెంచ్ నటుడి సినిమాలు చూడమంటున్నారు. హోలీ మోటార్స్‌తో మొదలుపెట్టొచ్చా? లెయోస్ కరాక్స్ తీసినవి కాక వేరేవి ఉన్నాయా?

రీలుపురుగు:
హోలీ మోటార్స్ (2012) చివరికి ఉంచండి. అందులో ఆయన లిమోజీన్‌లో పారిస్ తిరుగుతూ వేషం తీసి వేషం వేస్తుంటారు. పాతవి చూడకపోతే సగం చమత్కారం పోతుంది. శ్మశానంలో పూలు నమిలే ఆ ఆకుపచ్చ సూటువాడు మెర్ద్ కూడా 2008లో వచ్చిన టోక్యో! సినిమాలోంచి వచ్చినవాడే.

మొవే సాన్ (1986)తో మొదలెట్టండి. 'మోడరన్ లవ్' పాటకు వీధిలో పరుగు ఉంది కదా, అది ముందు సౌండ్ తీసేసి చూడండి. మొదట తూలుతారు, పొట్ట మీద గుద్దుకుంటారు, నడక మెల్లగా పరుగవుతుంది. కెమెరా పక్కనే సాగుతుంది, మొహం దగ్గరికి పోదు. అందుకే పాదం ఎక్కడ పడుతోందో, భుజం ఎప్పుడు తిరుగుతోందో తెలుస్తుంది. రెండోసారి పాటతో చూడండి: పాట ఠక్కున తెగిపోతుంది, ఆ తెగడం ఒంట్లో ఎలా కనబడుతుందో చూడాలి.

తెరచాటు:
కరాక్స్ బయట ఒక్కటే చూడాలంటే క్లేర్ దెనీ తీసిన బో త్రవాయ్ (1999). అందులో లావాన్ పాత్ర జిబూటీలో ఫ్రెంచ్ విదేశీ దళపు సార్జెంట్ గలూప్. చివరి డాన్సు క్లిప్పు ఒక్కటే చూసి అనుకరించేవాళ్లు పప్పులో కాలేస్తారు. సుమారు గంటన్నర సేపు ఆ మనిషి బట్టలు ఇస్త్రీ చేస్తూ, పక్క సర్దుతూ, వెన్ను వంచకుండా బిగబట్టుకుని ఉంటాడు. ఆ బిగువు తెలియనివాళ్లకు డాన్సు ఉత్త గెంతులే. ముందు షాట్‌లో చేతి మీద నరం కొట్టుకుంటుంది, పాట దాని మీదే మొదలవుతుంది. తర్వాత అద్దాల గోడ, సిగరెట్టు, ఒక తిరుగుడు, మళ్లీ ఆగడం. నేర్చుకోవాల్సింది ఆ ఆగడాలే.

శ్రావ్య_నటన:
మరి 1991 సినిమా తర్వాత కరాక్స్‌తో అంత ఖాళీ ఎందుకు? గొడవా?

రీలుపురుగు:
గొడవని అనుకోనక్కర్లేదు, అసలు కరాక్స్‌కే సినిమా లేదు. ఇద్దరూ కలిసి చేసిన ఆ సినిమా పారిస్‌లోని పోన్-నఫ్ వంతెన ప్రేమికుల కథ, దానికి అసలు వంతెన మీద షూటింగ్ అనుమతి కొద్ది వారాలకే దొరికింది. ఈలోగా లావాన్ చేతికి గాయమై ఆ గడువు దాటిపోయింది. దాంతో మోంపెలియే దగ్గర లాన్సార్గ్‌లో వంతెన సెట్టే కట్టాల్సివచ్చింది. డబ్బు అయిపోయి పని పదేపదే ఆగి, 1988లో మొదలైంది 1991లో విడుదలైంది. కరాక్స్ తర్వాతి ఫీచర్ 1999లో వచ్చింది, అందులో లావాన్ లేరు.

తెరచాటు:
పైగా ఆయన మూకాభినయం నేర్చి, పారిస్ కన్సర్వేటరీలో చదివినవారు. నాటకాలు ఎప్పుడూ ఆపలేదు. సినిమాల జాబితా మాత్రమే చూస్తే పని లేక కూర్చున్నట్టు కనిపిస్తుంది. హార్మొనీ కొరీన్ తీసిన మిస్టర్ లోన్లీ (2007)లో చాప్లిన్ వేషధారిగా చేశారు, అదీ చూడండి. సినిమాగా నాకంత నచ్చలేదు కానీ, నడక గమనించడానికి పనికొస్తుంది.