షిరకవాగోకి ఒక్కరోజు: బస్సా, ప్రైవేటు గైడా?

గోదారిగట్టు:
అందరికీ నమస్కారమండి. నవంబరు రెండోవారంలో అమ్మానాన్న అమలాపురం నుంచి టోక్యో వస్తున్నారు. నిషి కసాయిలో మా ఇంట్లోనే మూడు వారాలుంటారు. నాన్నకి 68, మోకాళ్ళ నొప్పి, ఇంగ్లీషు బాగానే వచ్చు. అమ్మ చేప వాసనొస్తే ఆ పూట అన్నం మానేసే మనిషి. వాళ్ళకి షిరకవాగో, గొకయామా చూపించాలని నా కోరిక. కొండల మధ్య గడ్డి కప్పుల ఊళ్ళు, 1995లో యునెస్కో వారసత్వ జాబితాకెక్కినవి. వాటికి దగ్గర్లోని కనజావా నగరంలో రెండు రాత్రులకి హోటల్ బుక్ చేసేశాను. అక్కణ్ణుంచి ఇద్దరికీ కారు, గైడు కలిపి పది గంటలకి 90 వేల యెన్‌లు చెప్తున్నారు. రేటు సరైనదేనా? గైడు లేకుండా కుదురుతుందా?

పైసావసూల్:
తొంభై వేలా తమ్మీ! గుండె ఆగినంత పనైంది. నేను నగోయాల ఉంట. పోయినేడు భార్య, పిల్లతోని కనజావా నుంచి బస్సుల పోయిన. గంటంబావు, ఎక్కువలెక్కువ గంటన్నర ప్రయాణం. మనిషికి ఒకదిక్కు మూడు వేల యెన్‌లు అటు ఇటు. సీటు ముందుగల బుక్ చేసుకోవాలె, అంతే. బస్సు దిగితే ఊరే. సందు సందు తిరగనీకి గైడెందుకు? వాడా ఇల్లని పాత గడ్డిల్లు చూసినం, వ్యూ పాయింట్‌కు చిన్న బస్సెక్కినం, ఫోటోలు దిగినం, షొగావా నది మీద ఊగే వంతెన దాటినం. పిల్లకు అన్నం దంచి చేసే మోచి కొనిచ్చినం. మొత్తం ముగ్గురికి 25 వేలు దాటలే. మిగిలిన 65 వేలతోని మీ అమ్మకు పట్టుచీర వస్తది.

కడప_కారం:
65 వేల యెన్‌లకి వచ్చేది ఏం పట్టుచీరన్నా, బోర్డరు మాత్రమేనా?

ఇరోరిపొగ:
గోదారిగట్టు గారూ, నేను కనజావాలో పద్నాలుగేళ్ళుగా ఉంటున్నాను, కొన్నాళ్ళు గైడుగా పనిచేశాను. పైసావసూల్ గారు చూసింది షిరకవాగోలోని పెద్ద ఊరు ఒగిమాచి ఒక్కటే. మీరు గొకయామా కూడా అన్నారు. అక్కడ ఐనొకురా, సుగనుమా అని రెండు చిన్న ఊళ్ళున్నాయి. సుగనుమాలో మిగిలిన గడ్డి ఇళ్ళు తొమ్మిదే. తకఓకా పట్నం నుంచి అవన్నీ కలుపుతూ షిరకవాగో దాకా బస్సుంది గానీ, ఒకటి తప్పితే తరవాతి దానికోసం ఆ చలిలో కూర్చోవాలి. మోకాళ్ళ నొప్పి ఉన్నవారికి కారే నయం. సుగనుమాలో పై పార్కింగ్ నుంచి ఊళ్ళోకి లిఫ్టు కూడా ఉంది.

ఇక గైడు ఎందుకంటే, ఆ ఇళ్ళని చూస్తే సరిపోదు కాబట్టి. చేతులు జోడించినట్టుండే ఆ కప్పు ఏటవాలు 60 డిగ్రీల దాకా ఉంటుంది, మంచు జారిపోవడానికి. అటక మీద పట్టుపురుగులు పెంచేవారు. కింద పొయ్యి పక్కన నేల తవ్వి, మట్టి, పట్టుపురుగుల పెంట, మన మాచిపత్రి జాతి ఆకులు పొరలుగా పేర్చి ఏళ్ళ తరబడి మాగబెట్టేవారు. అందులోంచి సురేకారం తీసి, కనజావాని ఏలిన ‘కాగా’ అనే సంస్థానానికి తుపాకిమందు కోసం పంపేవారు. ఈ సంగతి తెలియకుండా చూస్తే అది గడ్డిల్లే.

సిక్కోలు_పాక:
గడ్డిల్లే మరి. మా తాత ఇల్లు కూడా గడ్డిల్లే. తొంభై వేలు ఎవులూ ఇవ్వలేదు.

పైసావసూల్:
అక్కా, సురేకారం ముచ్చట లోపల బోర్డు మీద ఇంగ్లీషుల ఉంటది. వీళ్ళ నాయినకు ఇంగ్లీషు వస్తదని ఆయనే చెప్పిండు. మోకాళ్ళు అంటున్నరు గని, వాడా ఇంట్ల అటక మెట్లు నిచ్చెన తీరుంటయి. గైడు ఉన్నా ఆయన ఎక్కలేడు. గైడేమన్న ఎత్తుకుపోతడా?

ఇరోరిపొగ:
ఎత్తుకుపోడు. ఎక్కొద్దని ముందే చెప్తాడు. పొయ్యి దగ్గర కూర్చోబెట్టి పైకి చూపిస్తాడు. ఆ పొగే కప్పులోకి పోయి గడ్డికి పురుగు పట్టకుండా కాపాడుతుంది. కూర్చున్నచోటే తెలుసుకునేది బోలెడుంది.

శాకాహారి:
అసలు సమస్య తిండి. సోబా నూడుల్స్ చారులో చేప ఉంటుంది, పైకి కనపడదు. కొండ ఊరి విందంటే నిప్పుల మీద గుచ్చిన నది చేప. మీ అమ్మగారికి పులిహోర డబ్బా కట్టించండి. గొకయామా టోఫు తినచ్చు, తాడుతో కట్టి పట్టుకెళ్ళేంత గట్టిగా ఉంటుంది. పక్కన పోసిన చారు మాత్రం ముట్టద్దు.

గోదారిగట్టు:
పులిహోర అమ్మే కలుపుకుంటుందండి, అది దిగులు లేదు. గొకయామా కూడా చూడాలంటే కారే మంచిదనిపిస్తోంది. ఆ కారతను ఇక్కడి తెలిసినవాళ్ళు చెప్పిన మనిషి. సొంత కారే, ఏడు సీట్లది.

పైసావసూల్:
ఆగు. సొంత కారా? నంబరు ప్లేటు తెల్లదా, పచ్చదా?

గోదారిగట్టు:
ఫోటోలో తెల్లదే ఉందండి. ఏం?

పైసావసూల్:
చూసిన్రా! జపాన్ల కిరాయికి మనుషులను ఎక్కించుకునే బండికి పచ్చ ప్లేటు ఉండాలె, నడిపేటోనికి రెండో తరగతి లైసెన్సు ఉండాలె. తెల్ల ప్లేటు బండి కిరాయికి తిప్పుడు చట్ట విరుద్ధం. నడిమిట్ల పోలీసులు ఆపితే నీ అమ్మానాయిన రోడ్డు మీద నిలబడాలె. యాక్సిడెంటైతే బీమావాళ్ళు మొఖం సూడరు. గిదేనా గైడ్ల సంగతి?

ఇరోరిపొగ:
ఈ ఒక్క విషయంలో ఆయన మాట వినండి, తెల్ల ప్లేటు కారు వద్దు. కానీ కారు వేరు, గైడు వేరు. 2018 జనవరి నుంచి డబ్బు తీసుకుని గైడుగా చెయ్యడానికి ప్రభుత్వ లైసెన్సు అక్కర్లేదు, ఎవరైనా చెయ్యచ్చు. కారు నడపడం మాత్రం ఎవరుబడితే వాళ్ళు చెయ్యడానికి లేదు. పచ్చ ప్లేటు టాక్సీ మాట్లాడుకుని గైడుని విడిగా పెట్టుకోండి.

పైసావసూల్:
అంటే తొంభై వేలు కాస్త లక్షా ఇరవై అయితది. శభాష్. ఎవరన్నా చెయ్యచ్చంటే, నేను సుత గైడునే. నాకియ్యి తమ్మీ, అరవై వేలకు చేస్త, బస్సుల.

కడప_కారం:
నాకు యాభై చాలు.

ఇరోరిపొగ:
నవ్వండి. ఈ నవ్వుకే నేను ఆ పని మానేశాను. మూడేళ్ళ కింద ఒక తెలుగు కుటుంబాన్ని, ఏడుగురిని, తీసుకెళ్ళాను. పొద్దున్నే వాన. వ్యూ పాయింట్ దగ్గరికి ఎక్కేసరికి మబ్బు దిగిపోయి ఊరు కనపడలేదు. నేను ఊరి సంగతి చెప్తున్నాను. 1971లో ఊరివాళ్ళు కూర్చుని అమ్మొద్దు, అద్దెకివ్వొద్దు, కూల్చొద్దు అని మూడు కట్టుబాట్లు పెట్టుకున్నారని చెప్తున్నాను. పిల్లలు ఫోన్లలో, పెద్దాయన సిగరెట్టు తీశాడు. ఇక్కడ కాల్చకూడదు, అన్నీ గడ్డి కప్పులు, ఏటా నీళ్ళ ఫిరంగులతో కప్పులు తడిపి అగ్నిప్రమాద కసరత్తు చేస్తారని చెప్తే, "నువ్వు మాకు చెప్పేదేంటి" అన్నాడు. సాయంత్రం "ఫోటోలో ఉన్నట్టు చూపించలేదు" అని సగం డబ్బులే చేతిలో పెట్టారు. బస్సువాడికి ఎవరైనా సగం టిక్కెట్టిస్తారా?

పైసావసూల్:
అగో, అసలు సంగతి బయటపడ్డది. నీకు రావలసిన పైసలకు మమ్మల్ని సతాయిస్తున్నవు. ఆళ్ళెవరో చేసినదానికి నేనెందుకు తొంభై వేలు కట్టాలె?

ఇరోరిపొగ:
మీరు కట్టడమేంటి? అడిగింది మీరా? బస్సు దిగి, ఫోటో దిగి, మోచి తిని, బస్సెక్కిన మనిషి అది ఊరంటాడు! ఒగిమాచిలో ఉండేది కొన్ని వందల మంది. వాళ్ళ పెరట్లోకి రోజుకి వేలమంది తొంగిచూస్తారు. ఇంట్లో మనిషి బట్టలారేసుకుంటుంటే ఫోటో. మీలాంటివాళ్ళ పక్కన ఒక మనిషి ఉంటే, ఇది ఇల్లు, సెట్టింగు కాదు అని చెప్తాడు.

పైసావసూల్:
మీలాంటోళ్ళు అంటే? మాటలు సక్కగ రానియ్యి అక్కా.

వేదిక_నిర్వాహకుడు:
ఇద్దరూ తగ్గండి. ఇంకో వ్యక్తిగత మాట వస్తే చర్చ మూసేస్తాను.

సిక్కోలు_పాక:
కొట్టుకోండి గానీ, ఒక ప్రశ్న. ఆ కప్పు గడ్డేటి? ఎన్నేళ్ళొస్తాది? మాది రెల్లు, రెండు మూడేళ్ళకోసారి నేయించేవోళ్ళం. వేసవిలో ఒక పాకంటుకుంటే వీధంతా పోయేది.

ఇరోరిపొగ:
సుసుకి అంటారు, మీ రెల్లు లాంటిదే. మందం ఎక్కువ కాబట్టి ముప్పై నలభై ఏళ్ళు వస్తుంది. కప్పు వాసాలకి మేకులుండవు, తాళ్ళతోనూ నలగ్గొట్టి మెత్తబరిచిన కొమ్మలతోనూ కడతారు. పెద్ద కప్పు నేయాలంటే వందమందికి పైగా ఒక్కసారి పైకెక్కుతారు. దాన్ని యుయి అంటారు. మన పొలాల్లో బదులు పని ఉంటుంది చూడండి, అలాంటిది. ఇవాళ మీ కప్పు, రేపు మా కప్పు.

సిక్కోలు_పాక:
మా నాన్న కట్టు చూసి ఎవరు నేశారో చెప్పేవోడు. ఆయన్ని అక్కడ దింపితే గైడుకే పాఠం చెప్పును.

పెద్దమ్మాయి:
ఇందాకట్నుంచి చదువుతున్నా. ఒక్కటి అడగనా? గోదారిగట్టూ, "ఇద్దరికీ కారు" అన్నావు. మీరు ముగ్గురు కదా. నువ్వెక్కడ?

గోదారిగట్టు:
నేను వెళ్ళట్లేదండి. ఆ వారం ఆఫీసులో రిలీజ్ ఉంది. షిన్‌కాన్‌సెన్ బుల్లెట్ రైలు ఎక్కించేస్తాను, రెండున్నర గంటల్లో కనజావాలో దిగుతారు. స్టేషన్లో గైడు బోర్డు పట్టుకుని ఉంటాడు.

పైసావసూల్:
ఓహో. గిది ముందుగల చెప్పాలె కదా తమ్మీ. నేనింతసేపు బస్సు, బస్సు అని మొత్తుకుంటున్న. జపనీస్ రాని ఇద్దరు ముసలోళ్ళను ఒంటరిగ పంపుతున్నవా?

గోదారిగట్టు:
అందుకే కదన్నా గైడు అంటున్నది! ఒంటరిగా పంపడం ఇష్టం లేకే తొంభై వేలు పెడుతున్నా. నేనేమన్నా పారేస్తున్నానా? మీకు సెలవు దొరికింది, పిల్లతో వెళ్ళొచ్చారు. నాకు దొరకలేదు. పిసినారి అనలేక ఇంకేదో అంటున్నారు మీరంతా.

పైసావసూల్:
పిసినారి అని నేనన్లే. నా సంగతి చెప్త, ఏమనుకోకుంటే. మా బాపును కాశీకి ట్రావెల్స్ బస్సుల పంపిన, కరీంనగర్ నుంచి. ఏసీ బస్సు, మంచి రూము, వంటోడు సుత వెంట ఉండె. అన్నిటికీ నేనే కట్టిన, నగోయాల కూసోని. తిరిగొచ్చినంక ఎట్లున్నదంటే "నీ పైసలు మంచిగ ఖర్చైనయిరా" అన్నడు. గంతే. గాయిన మల్ల కాశీ మాట ఎత్తలే. అప్పటిసంది నాకు ప్యాకేజీ అంటే కడుపు మండుతది. అక్క మీద కోపం గాదు.

ఇరోరిపొగ:
అది గైడు తప్పు కాదండీ.

పైసావసూల్:
గైడుదని నేనన్నానా?

శాకాహారి:
మోచి గురించి ఇందాక మర్చిపోయాను. పుల్లకి గుచ్చి కాల్చే గొహెయి మోచి మీద పూసేది నువ్వులో, అక్రోటో, మిసో అనే సోయా ముద్దో. కానీ మిసోలో చేప సారం కలుపుతారేమో అడిగి తినాలి.

గోదారిగట్టు:
మేనేజరుని అడిగానండి. శుక్రవారం ఒక్కరోజు ఇస్తానన్నారు, ల్యాప్‌టాప్ వెంట ఉండాలట. బస్సు చూస్తే ఆ పొద్దున దానిలో రెండే సీట్లున్నాయి.

పైసావసూల్:
రెండు ఇప్పుడే పట్టు. నువ్వు ఆ తర్వాతి దాంట్ల రా. అప్పటిదాక మీ నాయిన వంతెన మీద నిలబడి నదిని చూస్తడు, ఏం కాదు.

ఇరోరిపొగ:
వద్దు, వాళ్ళిద్దర్నీ అక్కడ వదలద్దు. పచ్చ ప్లేటు టాక్సీ నేను కనజావాలో మాట్లాడిపెడతాను, ముగ్గురూ కలిసి వెళ్ళండి. గైడు అక్కర్లేదు. దారిలో సుగనుమాలో ఆపించండి, లిఫ్టు వైపు.

పైసావసూల్:
టాక్సీకి ఎంతైతది అక్కా?